పేరు పెట్టింది రోము... నిలబెట్టింది జనం

యూరప్, ఉత్తర ఆఫ్రికా, పశ్చిమాసియా పటాల్లో నేటికీ వందల ఊళ్లు రెండు వేల ఏళ్ల కిందటి లాటిన్ పేర్లనే మోస్తున్నాయి. కొన్ని ఇట్టే గుర్తుపట్టేలా ఉన్నాయి, కొన్ని పోలికే తెలియనంతగా అరిగిపోయాయి. ఆ పేర్లు ఎలా పుట్టాయి? ఏవి మిగిలాయి? ఎందుకు మిగిలాయి?

కొలోనియా క్లాడియా ఆరా అగ్రిప్పినెన్సియుం. జర్మనీలో రైన్ నది ఒడ్డున ఉన్న కొలోన్ నగరానికి రోమన్లు పెట్టిన పూర్తి పేరిది. క్రీ.శ. 50లో క్లాడియస్ చక్రవర్తి ఆ ఊరికి నగర హోదా ఇచ్చినప్పుడు ఈ పేరు ఖాయమైంది. అంతకుముందు అది ఉబీ అనే తెగవాళ్ల ఊరు. ‘ఒప్పిడుం ఉబియోరుం’, అంటే ఉబీల పట్టణం అనేవారు. క్లాడియస్ భార్య అగ్రిప్పినా క్రీ.శ. 15లో అక్కడే పుట్టింది. మహారాణి అయ్యాక పుట్టినూరికి పెద్దపీట వేయించుకుంది. అందుకే ఆ పేరులో నాలుగు ముక్కలు కనిపిస్తాయి. ‘కొలోనియా’ ఊరి హోదా. ‘క్లాడియా’ హోదా ఇచ్చిన చక్రవర్తి పేరు. ‘ఆరా’ అంటే బలిపీఠం. రోమన్ అధికారానికి గుర్తుగా ఆ ఊళ్లో కట్టిన పీఠం. చివరిది అగ్రిప్పినా పేరు మీదుగా ఆ ఊరివాళ్లకు వచ్చిన పిలుపు.

ఇంత పొడుగు పేరును రాతి మీద చెక్కేవాళ్లు కూడా పూర్తిగా చెక్కలేదు. నగర ఉత్తర ద్వారం కమాను మీద ‘సి.సి.ఎ.ఎ.’ అని నాలుగు పొడి అక్షరాలతో సరిపెట్టారు. ఆ కమాను ఇప్పటికీ అక్కడి మ్యూజియంలో ఉంది. శతాబ్దాలు గడిచాక చక్రవర్తి, మహారాణి, బలిపీఠం మూడూ రాలిపోయి, జనం నోట ‘కొలోనియా’ ఒక్కటే మిగిలింది. జర్మన్‌లో అది క్యోల్న్ అయింది, ఫ్రెంచ్‌లో కొలోన్ అయింది. 18వ శతాబ్దంలో అక్కడ తయారైన అత్తరు నీళ్లకు ఫ్రెంచ్‌లో ‘కొలోన్ నీళ్లు’ అని పేరొచ్చింది. తెలుగు ఇళ్లలో జ్వరమొచ్చినవాళ్ల నుదుట వేసే తడిగుడ్డ మీద చల్లే ఓడికొలోన్ అదే.

రోమన్ ఊళ్ల పేర్లలో చాలావాటిది ఇదే దారి. ప్రభుత్వం పేరులో హోదా, పోషకుడు, దైవం, తెగ అన్నీ కూరేది. వాడుక వాటిలోంచి తనకు పనికొచ్చే ఒక్క ముక్కను ఏరుకునేది. ఏ ముక్కను ఏరుకుందో చూస్తే ఆ ఊరి చరిత్ర చాలావరకు తెలిసిపోతుంది.

హోదాను బట్టి పేరు

రోమన్ పాలనలో ఊళ్లన్నీ ఒకే మెట్టు మీద ఉండేవి కావు. అన్నిటికన్నా పైమెట్టు కొలోనియా. మొదట్లో ఇది రోమన్ పౌరులకు, ముఖ్యంగా సైన్యం నుంచి విరమించినవాళ్లకు భూములిచ్చి స్థిరపరిచిన ఊరు. తర్వాతి కాలంలో పాత ఊళ్లకూ గౌరవంగా ఈ హోదా ఇచ్చారు. దాని తర్వాతది ‘మునిసిపియుం’. అంటే స్థానికుల ఊరే, కాకపోతే రోమన్ చట్టం కింద సొంత పాలకమండలి ఉన్న ఊరు. మునిసిపాలిటీ అన్న మాట దీన్నుంచే వచ్చింది. ‘సివిటాస్’ అంటే ఒక తెగ, దాని ప్రాంతం, ముఖ్యపట్టణం అన్నీ కలిపి. ఈ హోదాలేవీ లేని చిన్న ఊరు ‘వికుస్’. సైనిక శిబిరం ‘కాస్ట్రా’.

హోదా పేరు వెనుక ఒక్కోసారి ఓటమి కూడా ఉండేది. పొంపేయీ రోముకు ఎదురుతిరిగిన ఇటలీ ఊళ్లలో ఒకటి. దాన్ని లొంగదీశాక క్రీ.పూ. 80లో సేనాని సుల్లా తన మాజీ సైనికులను అక్కడ దింపాడు. ఊరి పేరు ‘కొలోనియా కోర్నేలియా వెనేరియా పొంపెయానోరుం’ అయింది. కోర్నేలియస్ సుల్లా వంశనామం, వీనస్ అతని ఇష్టదైవం. పాత ఊరివాళ్లకు దక్కింది చివరి మాట మాత్రమే. అయినా క్రీ.శ. 79లో వెసూవియస్ బూడిద కింద కూరుకుపోయే నాటికీ, ఇప్పటికీ లోకం ఆ ఊరిని పిలిచేది ఆ చివరి మాటతోనే.

అల్జీరియాలోని టింగాడ్‌దీ అదే తీరు. క్రీ.శ. 100లో ట్రాజన్ చక్రవర్తి మాజీ సైనికుల కోసం గళ్ల నుడికట్టు పలకలా కొలిచి కట్టించిన ఊరది. అధికారిక పేరులో ట్రాజన్ ఉన్నాడు, అతని సోదరి మార్సియానా ఉంది, చివర ‘తముగాడి’ అన్న స్థానిక మాట ఉంది. నిలిచింది ఆ స్థానిక మాటే.

అడుగున ఉన్న పాత పేర్లు

రోమన్లు వెళ్లిన చోటల్లా కొత్త పేర్లు పెట్టలేదు. ఉన్న పేరుకే లాటిన్ తోక తగిలించి వాడుకున్న సందర్భాలే ఎక్కువ. నేటి ఫ్రాన్స్, బ్రిటన్, ఉత్తర ఇటలీ, స్పెయిన్‌లో చాలాచోట్ల ఆ పాత పేర్లు కెల్టిక్ భాషలవి. వాటిలో పదేపదే కనిపించే ముక్కలు ఇవి:

‘డునుం’ - కోట, కొండకోట. లుగ్డునుం అంటే లుగ్ అనే దేవుడి కోట; ఫ్రాన్స్‌లోని నేటి లియోన్.

‘మాగుస్’ - మైదానం, సంత. నోవియోమాగుస్ అంటే కొత్త సంత, నెదర్లాండ్స్‌లోని నైమెగన్.

‘బ్రీవా’ - వంతెన. సమరోబ్రీవా అంటే సమరా నది మీది వంతెన. ఆ నది నేటి సొమ్, ఊరు నేటి అమియెన్.

‘రీటుం’ - ఏటిని నడిచి దాటే రేవు. అగస్టోరీటుం అంటే అగస్టస్ రేవు, నేటి లిమోజ్.

చివరి పేరులో చక్రవర్తి పేరు లాటిన్‌ది, రేవు అన్న మాట కెల్టిక్‌ది. ఫ్రాన్స్‌లోని ఒత్యూన్ పాత పేరు అగస్టోడునుం కూడా ఇలాంటి మిశ్రమ పేరే. పేరులో సగం రోముది, సగం ఊరిది.

లుగ్డునుం రోమన్ నగరంగా మొదలైంది క్రీ.పూ. 43లో. స్థాపించినవాడు మునాటియస్ ప్లాంకస్ అనే రోమన్ అధికారి. తర్వాత గాల్‌కు, అంటే నేటి ఫ్రాన్స్ ప్రాంతానికి అదే ముఖ్యనగరమైంది. క్లాడియస్ చక్రవర్తి పుట్టింది అక్కడే. అంత రోమన్ నగరమైనా పేరులో కెల్టిక్ దేవుడు కదలకుండా కూర్చున్నాడు.

మధ్యధరా తీరంలో అడుగు పొర గ్రీకులది, ఫినీషియన్లది. నేపుల్స్ పాత పేరు నెయాపోలిస్. గ్రీకులో కొత్త నగరం. పాలస్తీనాలోని నబ్లూస్ కూడా ‘ఫ్లావియా నెయాపోలిస్’ అనే రోమన్ ఊరి నుంచి వచ్చిందే. స్పెయిన్‌లోని కాదిస్ ఫినీషియన్లు గదీర్ అని పిలిచిన ఊరు. ఆ మాటకు ప్రహరీ ఉన్న చోటు అని అర్థం. రోమన్లకు అది గాదేస్. అన్నిటికన్నా విచిత్రమైనది స్పెయిన్ తూర్పు తీరంలోని కార్తహేనా. ఫినీషియన్ భాషలో కార్తేజ్ అన్న పేరుకే కొత్త నగరం అని అర్థం. కార్తేజ్ వాళ్లు స్పెయిన్‌లో ఇంకో ఊరు కట్టి అదే పేరు పెట్టుకున్నారు. రోమన్లు దాన్ని గెలిచాక ‘కార్తాగో నోవా’ అన్నారు. లాటిన్‌లో నోవా అంటే కొత్త. అలా ఆ ఊరు కొత్త కొత్త నగరమైంది.

శకునం బాగాలేని పేర్లు

పేరు చెవికి అపశకునంగా తగిలితే రోమన్లు మార్చేసేవారు. దక్షిణ ఇటలీలోని బెనెవెంతో పాత పేరు మలెవెంటుం. ఆ పేరు లాటిన్‌ది కాకపోయినా, లాటిన్ చెవికి ‘చెడు రాక’ అన్నట్టు వినిపించేది. క్రీ.పూ. 268లో అక్కడ కొలోనియా పెట్టినప్పుడు దాన్ని బెనెవెంటుం, అంటే మంచి రాకగా మార్చారు. ఆడ్రియాటిక్ సముద్రం అవతల ఎపిడామ్నుస్ అనే గ్రీకు రేవు ఉండేది. లాటిన్‌లో ‘డామ్నుం’ అంటే నష్టం. ఓడ దిగుతూనే నష్టం పేరు వినడం ఇష్టంలేక దాని రెండో పేరు డిర్రాకియుం వాడారని రోమన్ రచయిత ప్లీనీ రాశాడు. అల్బేనియాలోని నేటి డుర్రెస్ అదే.

కొత్త ఊళ్లకైతే మొదటే శుభం పలికే పేర్లు పెట్టేవారు. క్రీ.పూ. 218లో పో నది ఒడ్డున వెలసిన ప్లాసెంటియా అంటే నచ్చేది; నేటి పియాచెన్సా. క్రీ.పూ. 138లో స్పెయిన్‌లో మాజీ సైనికులకిచ్చిన వాలెంటియా అంటే బలం, నేటి వలెన్సియా. ఫ్లోరెన్స్ పాత పేరు ఫ్లోరెంటియా అంటే వికసించేది.

నీళ్లు, సంత, రేవు

ఊరు ఎందుకు ఏర్పడిందో అదే పేరైన చోట్లు కోకొల్లలు. వేడినీటి బుగ్గలున్న ఊరికి ‘అక్వే’, అంటే నీళ్లు, అని పేరు. ఏ నీళ్లో చెప్పడానికి పక్కన ఇంకో మాట చేర్చేవారు. ఇంగ్లండ్‌లోని బాత్ అప్పట్లో ‘అక్వే సులిస్’; సులిస్ ఆ బుగ్గకు అధిదేవత. దక్షిణ ఫ్రాన్స్‌లో క్రీ.పూ. 122లో సెక్స్‌టియస్ కాల్వినస్ నెలకొల్పిన ‘అక్వే సెక్స్‌టియే’ నేటి ఎక్స్-ఆన్-ప్రోవాన్స్. జర్మనీలోని ఆఖెన్ కూడా ఒక అక్వేనే. వీటిలో బాత్ లాటిన్ పేరును పూర్తిగా వదిలేసింది. స్నానం అన్న అర్థంలో ఇంగ్లిష్‌లో కొత్త పేరు తెచ్చుకుంది.

రహదారి పక్కన సంత కోసం, న్యాయస్థానం కోసం పెట్టిన ఊరు ‘ఫోరుం’. స్థాపించిన వంశం పేరు దానికి తోడయ్యేది. ఫోరుం లివీ నేటి ఫోర్లీ, ఫోరుం పొపీలీ నేటి ఫోర్లింపోపోలి. ఫోరుం యూలీ అన్నది జూలియన్ వంశం పేరు మీద ఉన్న సంత. ఆ పేరు దక్షిణ ఫ్రాన్స్‌లో ఫ్రెజూస్‌గా, ఈశాన్య ఇటలీలో ఫ్రియూలి అనే ప్రాంతం పేరుగా రెండు చోట్ల రెండు రూపాల్లో మిగిలింది.

రెండు నదులు కలిసే చోటు ‘కాన్‌ఫ్లుయెంతెస్’. రైన్, మోజెల్ నదుల సంగమంలోని కోబ్లెంజ్ అదే. నదిని దాటే రేవు ‘ట్రయెక్టుం’. నెదర్లాండ్స్‌లోని ఉట్రెక్ట్, మాస్ట్రిక్ట్ రెండింటి చివరా ఉన్నది ఆ రేవే. బాటసారులు ఆగే పూటకూళ్ల ఇళ్లు ‘తాబెర్నే’. ఈశాన్య ఫ్రాన్స్‌లోని సవెర్న్ పేరు దాన్నుంచి వచ్చింది.

శిబిరాలు కూడా ఊళ్లయ్యాయి. స్పెయిన్‌లోని లియోన్‌కు సింహంతో ఏ సంబంధమూ లేదు. క్రీ.శ. ఒకటో శతాబ్దంలో రోమన్ సైన్యంలోని ఏడో లీజియన్ అనే దళం అక్కడ విడిది చేసింది. లీజియన్‌ను లాటిన్‌లో ‘లేగియో’ అంటారు; అదే ఊరి పేరై లియోన్‌గా మారింది. వేల్స్‌లోని కార్లియన్ పేరులో ఉన్నదీ లీజియనే. ఇంగ్లండ్‌లో ‘కాస్ట్రా’ అన్న మాటను ఆంగ్లో-సాక్సన్లు ‘చేస్టర్’గా పలికారు. రోమన్ గోడలు కనిపించిన చాలా చోట్లకు అదే పేరు తగిలించారు. మాంచెస్టర్, వించెస్టర్, గ్లోస్టర్, ఎక్సెటర్ పేర్ల చివర మిగిలింది ఆ శిబిరమే. దేవా అనే రోమన్ కోటకైతే ముందు ముక్క కూడా పోయి ఉత్త చెస్టర్ మిగిలింది.

చక్రవర్తుల పేర్లు: నిలిచినవి, నిలవనివి

అగస్టస్ పేరు పెట్టుకోని ప్రాంతం పశ్చిమ సామ్రాజ్యంలో దాదాపు లేదు. దాంతో ‘అగస్టా’ అన్న పేరు ఎన్నో ఊళ్లకు వచ్చిపడింది. ఏ అగస్టాయో తెలియడానికి తెగ పేరు చేర్చక తప్పలేదు. ట్రెవెరీ తెగవాళ్లది అగస్టా ట్రెవెరోరుం, విండెలికీ తెగవాళ్లది అగస్టా విండెలికోరుం, తౌరీనీ తెగవాళ్లది అగస్టా తౌరినోరుం. తర్వాత ఒక్కో ఊరూ ఒక్కో ముక్క ఉంచుకుంది. విండెలికీల ఊరు చక్రవర్తిని ఉంచుకుని ఆగ్స్‌బర్గ్ అయింది. మిగతా రెండూ తెగలను ఉంచుకుని ట్రియర్, టురిన్ అయ్యాయి. ఆల్ప్స్ పర్వతాల్లో చక్రవర్తి అంగరక్షక దళం మాజీలకు క్రీ.పూ. 25లో ఇచ్చిన అగస్టా ప్రెటోరియా నేటి అవోస్తా.

అదే క్రీ.పూ. 25లో స్పెయిన్‌లో వెలసిన ‘ఎమెరిటా అగస్టా’లో అగస్టా రాలిపోయింది. ఎమెరిటస్ అంటే సేవ ముగించిన సైనికుడు. ఆ మాటే మెరిడా అయింది. విశ్రాంత ఆచార్యులకు వాడే ఎమెరిటస్ ప్రొఫెసర్ అన్న హోదాలోనిదీ ఈ మాటే.

అధికారం గట్టిగా తలుచుకున్నా అన్ని పేర్లూ అంటుకోలేదు. క్రీ.శ. 192లో కొమోడస్ చక్రవర్తి ఏకంగా రోము నగరానికే ‘కొలోనియా కొమోడియానా’ అని తన పేరు పెట్టాడు. ఆ ఏడాది చివరి రోజున అతన్ని చంపేశారు. పేరు కూడా అతనితోనే పోయింది. నాలుగో శతాబ్దంలో లండన్‌కు అగస్టా అన్న గౌరవనామం వచ్చింది. చరిత్రకారుడు అమ్మియానుస్ మార్సెల్లీనుస్ ఆ సంగతి చెబుతూనే పాత పేరును పక్కనే రాశాడు. మిగిలింది ఆ పాత పేరే.

కాన్‌స్టాంటైన్ చక్రవర్తి పేరు ఈ విషయంలో మంచి ఉదాహరణ. ఆయన కాలంలో ఉత్తర ఆఫ్రికాలోని సిర్టా అనే పాత నగరం యుద్ధంలో దెబ్బతింది. దాన్ని తిరిగి కట్టించి కాన్‌స్టాంటినా అన్నారు. అల్జీరియాలో అది నేటికీ కాన్‌స్టాంటీన్ నగరమే. దక్షిణ ఫ్రాన్స్‌లోని అరెలాటేకూ అదే శతాబ్దంలో అదే పేరు పెట్టారు. నాణేల మీద ముద్రించారు కూడా. అయినా అక్కడివాళ్లు అరెలాటేనే పలికారు. అది ఆర్ల్ అయింది. కూలిపోయి మళ్లీ లేచిన ఊరికి కొత్త పేరు అతికింది. మామూలుగా సాగిపోతున్న ఊరికి అతకలేదు. క్రీ.శ. 330లో బైజాంటియం కాన్‌స్టాంటినోపుల్‌గా నిలవడానికి కారణం, దాన్ని ఆయన కొత్త రాజధానిగా పెంచి కట్టించడమే.

హేడ్రియన్ చక్రవర్తి జెరూసలేంకు ‘ఏలియా కపితోలినా’ అని పేరు మార్చాడు. ఏలియస్ ఆయన వంశనామం. కపితోలినా రోములోని జూపిటర్ ఆలయాన్ని గుర్తుచేసే మాట. అలా యూదుల పవిత్ర నగరం పాత పేరు పక్కకు పోయింది. అయినా పాత పేరు తిరిగొచ్చింది. ఏలియా మాత్రం తొలినాటి అరబ్బీ రాతల్లో ‘ఈలియా’గా కొంతకాలం బతికింది.

తెగ పేరే ఊరి పేరు

పారిస్ పాత పేరు లుటేషియా. పూర్తిగా లుటేషియా పారిసియోరుం, అంటే పారిసీ తెగవాళ్ల లుటేషియా. క్రీ.శ. 360లో సైన్యం జూలియన్‌ను చక్రవర్తిగా ప్రకటించింది అక్కడే. దాదాపు ఆ కాలంలోనే ఊరి పేరు వెనక్కి తగ్గి తెగ పేరు ముందుకొచ్చింది. ఉత్తర, మధ్య ఫ్రాన్స్ అంతటా ఇదే జరిగింది. రెమీల డురోకొర్టోరుం రీమ్స్ అయింది. ట్యురోనీల సీజరోడునుం టూర్ అయింది. బిటూరిగీల అవారికుం బూర్జ్ అయింది. అంబియానీల సమరోబ్రీవా అమియెన్, లెమోవీసీల అగస్టోరీటుం లిమోజ్, రెడోనీల కొండాటే రెన్ అయ్యాయి.

దీని వెనుక కారణం పాలనలో ఉంది. అక్కడ పన్నులకైనా, తీర్పులకైనా లెక్కలోకి వచ్చేది సివిటాస్, అంటే తెగ. పట్టణం ఆ తెగకు కచేరీ ఉన్న చోటు. ఊరికి వెళ్తున్నామనడానికి బదులు పారిసీల దగ్గరికి, రెమీల దగ్గరికి అనడం అలవాటైంది. మూడో శతాబ్దం తర్వాత వచ్చిన అధికారిక పట్టికలూ ఆ అలవాటునే పాటించాయి. దక్షిణ ఫ్రాన్స్‌లో పరిస్థితి వేరు. అక్కడ రోమన్ పాలన ముందే వేళ్లూనింది, కొలోనియాలు ఎక్కువ, తెగల పట్టు తక్కువ. అందుకే నార్బో నార్బోన్‌గా, నెమౌసుస్ నీమ్‌గా, టొలోసా తూలూజ్‌గా ఊరి పేర్లే నిలిచాయి. ఏ పట్టణం ఎంత లోతుగా రోమన్ అయిందో దాని పేరును బట్టి కొంతవరకు అంచనా వేయవచ్చు.

నోరు తిరిగిన తీరు

తెలుగులో ఊరి పేరుకు ‘లో’, ‘కు’, ‘నుంచి’ చేరినట్టే లాటిన్‌లోనూ విభక్తిని బట్టి ఊరి పేరు చివర మారుతుంది. రోమా అంటే రోము, రోమే అంటే రోములో. జనం ఎక్కువగా వాడేది ‘ఫలానా ఊళ్లో’ అనే కాబట్టి చాలా ఊళ్లకు ఆ రూపమే స్థిరపడింది. పారిసీ అన్న తెగ పేరు ‘పారిసీస్’ అన్న రూపం నుంచి పారిస్ అయింది. అక్వే ‘అక్వీస్’ అన్న రూపం మీదుగా ఎక్స్ అయింది.

స్పెయిన్, పోర్చుగల్ ఊళ్ల పేర్లు ఎనిమిదో శతాబ్దం నుంచి అరబ్బీ నోట నానాయి. అరబ్బీలో ‘ప’ లేదు, అందుకని ‘బ’ పలికారు. హిస్పాలిస్ ఇష్బీలియా అయి, సెవీల్‌గా తేలింది. పాక్స్ యూలియా, అంటే జూలియస్ శాంతి, బాజా అయి బేజాగా మిగిలింది. సీజర్ అగస్టస్ పూర్తి పేరు మోసిన సీజరాగస్టా సరకుస్తా అయి, చివరికి సరగోసా అయింది. పేరులో చక్రవర్తి ఉన్నాడన్న జాడ ఇప్పుడు వినేవాళ్లకు తట్టదు.

ఇంగ్లండ్‌లోని యార్క్‌ది ఇంకా పెద్ద ప్రయాణం. రోమన్లకు అది ఎబొరాకుం. క్రీ.శ. 211లో సెప్టిమియస్ సెవెరస్ చక్రవర్తి కన్నుమూసింది, 306లో కాన్‌స్టాంటైన్‌ను సైన్యం చక్రవర్తిగా ఎత్తిపట్టింది అక్కడే. ఆంగ్లో-సాక్సన్లు ఆ పేరును తమ భాషలో అడవిపంది అన్న మాటతో కలిపి ఎయోఫోర్‌విక్ అన్నారు. వాళ్ల తర్వాత వచ్చిన వైకింగ్‌లు యోర్విక్ అన్నారు. అదే కుదించుకుపోయి యార్క్ అయింది.

పేరు ఊరు మారిన సందర్భం కూడా ఉంది. దక్షిణ ఇటలీలోని పాత కాపువాను తొమ్మిదో శతాబ్దంలో అరబ్ దళాలు నాశనం చేశాక జనం కొద్ది మైళ్ల దూరంలోని కాసిలీనుంకు చేరారు. ఊరి పేరునూ వెంట తీసుకెళ్లారు. నేటి కాపువా ఉన్నది కాసిలీనుం మీద. పాత కాపువా ఉన్న చోటు పేరు శాంతా మారియా కాపువా వెతెరే.

పేర్లు తెలిసింది ఎలా?

ఈ పేర్లకు ఆధారాలు పుస్తకాల్లో కన్నా దారి లెక్కల్లో ఎక్కువ. రహదారి మీద ఏ ఊరి తర్వాత ఏ ఊరు, మధ్య ఎన్ని మైళ్లు అన్న పట్టికలను రోమన్లు శ్రద్ధగా రాసుకున్నారు. ‘యాంటొనైన్ ఇటినరరీ’ అలాంటిదే. రోముకు ఉత్తరాన వికారెల్లో అనే వేడినీటి బుగ్గ దగ్గర 1852లో నాలుగు వెండి గ్లాసులు దొరికాయి. మైలురాయి ఆకారంలో ఉన్న ఆ గ్లాసుల చుట్టూ గాదేస్ నుంచి రోము దాకా దారిలోని మజిలీలు, దూరాలు నిలువు వరసల్లో చెక్కి ఉన్నాయి. ఒక్కో గ్లాసు మీదా నూరుకు పైగా ఊళ్లు.

వియన్నాలోని ఆస్ట్రియా జాతీయ గ్రంథాలయంలో ‘ప్యూటింగర్ పటం’ ఉంది. రోమన్ పటానికి మధ్యయుగంలో తీసిన నకలు అది. దాదాపు 6.75 మీటర్ల పొడవు, చాప చుట్టలాంటి సన్నని తోలు. భూభాగాల ఆకారాలు సాగిపోయాయి కానీ దారులు, పేర్లు, దూరాలు ఉన్నాయి. తూర్పు చివర దక్షిణ భారతంలోని ముజిరిస్ రేవు పక్కన అగస్టస్ ఆలయం అని కూడా రాసి ఉంది. భూగోళ పండితుడు టాలెమీ గ్రీకులో రాసిన భూగోళ గ్రంథంలో తెలుగు తీరం సైతం కనిపిస్తుంది. మైసోలియా అనే ప్రాంతంలో ఆయన చెప్పిన కొంటకొస్సిలా రేవును కృష్ణా జిల్లా ఘంటసాలగా గుర్తించారు. నాగార్జునకొండ శాసనంలోని కంటకసేల అదే ఊరు.

మట్టిలోంచి కూడా పేర్లు బయటపడుతూనే ఉన్నాయి. లండన్ నడిబొడ్డున 2010-14 మధ్య జరిగిన తవ్వకాల్లో 405 చెక్క పలకలు దొరికాయి. మైనం పూసి దాని మీద గీరి రాసిన పలకలవి. మైనం పోయినా గీతలు చెక్కలోకి దిగాయి. వాటిలో ఒకదాని మీద ‘లోండినియో మొగొంటియో’ అని ఉంది. లండన్‌లో ఉన్న మొగొంటియస్‌కు అని అర్థం. క్రీ.శ. 65-80 మధ్యనాటి ఆ చిరునామాలోనే లండన్ పేరు మొట్టమొదటిసారి రాతలో కనిపిస్తుంది.

పసివాడి సమాధి తేల్చిన పేరు

స్విట్జర్లాండ్‌లోని జ్యూరిక్ లాటిన్ పేరు విషయంలో పండితులు చాలాకాలం పొరబడ్డారు. జూలియస్ సీజర్ తన రాతల్లో ఆ ప్రాంతంలోని టిగురీనీ అనే తెగను పేర్కొన్నాడు. దాన్ని చూసి జ్యూరిక్ పేరు ‘టిగురుం’ అయి ఉంటుందని 16వ శతాబ్దపు పండితులు తీర్మానించారు. కాన్రాడ్ గెస్నర్ జంతుశాస్త్ర గ్రంథం సహా అక్కడ అచ్చయిన లాటిన్ పుస్తకాల మీద ‘టిగురీ’, అంటే టిగురుంలో అనే వేశారు.

1747లో నగరం మధ్యనున్న లిండెన్‌హోఫ్ గుట్ట మీద ఒక సమాధి రాయి దొరికింది. అది లూసియస్ ఏలియస్ ఉర్బికస్ అనే పసివాడిది. బతికింది ఒక సంవత్సరం అయిదు నెలల అయిదు రోజులు. రాయి వేయించిన తండ్రి ఉనియో చక్రవర్తి దగ్గర బానిసగా ఉండి విడుదలైనవాడు. తన ఉద్యోగం ఏమిటో ఆ రాతి మీదే చెప్పుకున్నాడు: ‘ట్యురికుం’ సుంకం ఠాణాకు అధికారి. గాల్ ప్రాంతపు సరిహద్దు దాటే సరుకు విలువలో నలభయ్యో వంతు, అంటే రెండున్నర శాతం సుంకం వసూలు చేసే ఠాణా అది. తల్లి ఏలియా సెకుండినా పేరు కూడా ఉంది. జ్యూరిక్ అసలు పేరు ట్యురికుం అని, టిగురుం పండితుల ఊహేనని ఆ రాయితో తేలిపోయింది.

లాటిన్ పోయినా...

సామ్రాజ్యం పోయాక కూడా లాటిన్ పేర్ల అవసరం తీరలేదు. చర్చి, విశ్వవిద్యాలయం, అచ్చుయంత్రం మూడూ లాటిన్‌లోనే నడిచాయి. రోమన్ కాలంలో లేని ఊళ్లకూ అప్పుడు లాటిన్ పేర్లు కల్పించారు. పాత పుస్తకాల మీద ‘ఆమ్‌స్టెలొడామి’ అంటే ఆమ్‌స్టర్‌డామ్‌లో అని. ‘లుగ్డుని’ అంటే లియోన్‌లో, ‘లుగ్డుని బటావోరుం’ అంటే మాత్రం నెదర్లాండ్స్‌లోని లైడెన్‌లో అని. నిజానికి బటావీ తెగవాళ్ల లుగ్డునుం ఉన్నది లైడెన్‌లో కాదు, సముద్రతీరాన కాట్‌వైక్ దగ్గర. అయినా పుస్తకాలు ఆ తప్పునే స్థిరపరిచాయి. ఇలాంటి పేర్లను విప్పడానికి గ్రెస్సె అనే జర్మన్ పండితుడు 1861లో ‘ఓర్బిస్ లాటినుస్’ అనే నిఘంటువే తయారుచేశాడు.

డిగ్రీల పక్కన రాసే ‘ఆక్సన్’, ‘కాంటాబ్’ ఆక్స్‌ఫర్డ్, కేంబ్రిడ్జ్‌ల మధ్యయుగపు లాటిన్ పేర్లకు పొట్టి రూపాలు. కేంబ్రిడ్జ్‌కు రోమన్ల నాటి పేరు వేరే ఉంది, డురోలిపోంటే. యార్క్ ఆర్చ్‌బిషప్ ఇప్పటికీ సంతకంలో ఇంటిపేరు బదులు ‘ఎబోర్’ అని రాస్తారు. కేథలిక్ చర్చి పత్రాల్లో హైదరాబాద్ మేత్రాసనం కూడా లాటిన్ ప్రత్యయం తగిలించుకుని ‘హైదరాబాదెన్సిస్’ అవుతుంది. రసాయనశాస్త్రంలో 71వ మూలకం లుటీషియం పేరు లుటేషియాది. 1923లో కోపెన్‌హాగెన్‌లో కనుగొన్న హాఫ్నియం పేరు ఆ నగరానికి కల్పించిన లాటిన్ పేరు హాఫ్నియాది.

ఇరవయ్యో శతాబ్దంలో రాజకీయం మళ్లీ ఈ పేర్ల జోలికి వచ్చింది. సిసిలీలోని అగ్రిజెంటుం అరబ్బుల తర్వాత జిర్జెంటిగా మారింది. ముస్సోలినీ ప్రభుత్వం 1927లో లాటిన్ రూపానికి దగ్గరగా అగ్రిజెంతో అని మార్చింది. దగ్గర్లోని కాస్ట్రోజొవాన్నికీ దాదాపు అప్పుడే ఎన్నా అన్న పాత పేరు తిరిగిచ్చింది. ‘హెన్నా (ఎన్నా) కోట’ అన్న లాటిన్ మాట అరబ్బీలో ‘కస్ర్ యాన్నా’ అయి, ఇటాలియన్‌లో జాన్ కోట అన్న అర్థంలో పడింది. ఆ జాన్ ఎవరో కాదు, దారి తప్పిన హెన్నానే. 1974లో రుమేనియా ప్రభుత్వం తమ ప్రజలు రోమన్ల వారసులని చాటడానికి క్లుజ్ నగరం పేరుకు నపోకా అన్న రోమన్ పేరు జోడించి క్లుజ్-నపోకా చేసింది. పటాల్లో, కాగితాల్లో, రైల్వే స్టేషన్ బోర్డు మీద ఇప్పుడా పూర్తి పేరే ఉంది. ఊరివాళ్లు మాత్రం క్లుజ్ అనే పిలుస్తున్నారు.